ఎదురింటి అత్త కట్టిన వేషం

నా చిన్నప్పుడు సిరిసిల్లలో మా ఎదురింట్లో సినిమాల్లో వేషాలు వేసే ఒకామె ఉండేది. అలా చెప్పగానే మీ కళ్ల ముందు ఏ ముఖం మెదులుతుందో అది ఆమె ముఖం కాదు. చెంపల నిండా అమ్మవారు పోసిన మచ్చలు, కాస్త ముందుకు వంగిన భుజాలు, ముప్ఫై అయిదేళ్లకే యాభై ఏళ్ల మనిషిలా కనిపించే వాలకం. ఆ వాలకమే ఆమెకు పని తెచ్చింది. తెర మీద ఎవరికైనా పేద తల్లి కావాలంటే, శవం పక్కన కూర్చుని ఏడ్చే ఆడమనిషి కావాలంటే, పరుగెత్తుకొచ్చి చెడ్డ వార్త చెప్పే పొరుగింటామె కావాలంటే హైదరాబాదు నుంచి ఆమెకు కబురొచ్చేది. నేను ఆమెను అత్త అని పిలిచేదాన్ని. చుట్టరికమేమీ లేదు. వాడకట్టులో వరసలు అలా కలిసిపోతాయి.

ఆమె పుట్టిల్లు కొడిమ్యాల. పెళ్లికి ముందు బీడీలు చుట్టేది. జగిత్యాలలో నాటకాలాడే కొందరు తల్లి వేషానికి ఆడమనిషి దొరక్క తిరుగుతూ, తనకిచ్చిన ఆకు బాగా లేదని బీడీల కార్ఖానా ముందు నిలబడి గుమాస్తాతో పోట్లాడుతున్న ఈమె గొంతు విని ఆగిపోయారట. అప్పుడామెకు పద్దెనిమిదేళ్లు. మొట్టమొదటి నాటకంలోనే తనకంటే పదేళ్లు పెద్దవాడికి తల్లి అయింది. తర్వాత కోరుట్లలో, చుట్టుపక్కల ఊళ్లలో చాలా నాటకాలు. ఆ తర్వాత రేడియో, టీవీ వచ్చాక టీవీ నాటకాలు, చివరికి సినిమాలు. ఏ సినిమాలోనూ ఆమె పాత్రకు పేరు ఉండేది కాదు. తెర మీద పేర్లు పడేటప్పుడు ఆమె పేరూ వచ్చేది కాదు. చివర్లో 'తదితరులు' అన్న మాట పడగానే మేం పిల్లలం "అగో అత్త" అని చప్పట్లు కొట్టేవాళ్లం. పక్కన కూర్చున్న ఆమె కూడా మాతో పాటు కొట్టేది.

ఆమె భర్త సాంచెల మీద కూలి. మరమగ్గాలను మా దగ్గర సాంచెలంటారు. మాట తక్కువ మనిషి. ఆమె షూటింగుకు పోయిన రోజుల్లో తనే పొయ్యి రాజేసుకుని వండుకునేవాడు. అందుకు వాడకట్టు ఆయన్ను చూసి నవ్వేది. ఆమె గురించి నవ్వకుండానే చెడ్డగా మాట్లాడేది. అది ఇంకా అన్యాయంగా ఉండేది. అయినా ఏ ఇంట్లో కానుపు కష్టమైనా, ఎవరి ఇంట్లో మనిషి పోయినా అందరికంటే ముందు ఆమె గడపే తొక్కేవాళ్లు.

ఒకసారి ఆమె ఉన్న సినిమా మా ఊరికి వస్తే వాడకట్టంతా కదిలి వెళ్లాం. కథానాయిక గుండె పగిలేలా ఏడుస్తుంటే అత్త పక్కన చెంబు పట్టుకుని నిలబడి ఉంది. అంతే. ఇంటికి వస్తూ నేను ఉండబట్టలేక, నువ్వు ఒక్క మాట కూడా మాట్లాడలేదేమిటని అడిగాను. ఆమెకు కోపం రాలేదు.

"మాట్లాడుడు అల్క బిడ్డా. ఇనుడే కష్టం. నేను నిజంగ ఇనకపోతే ఆ పిల్ల ఏడుపు ఎవ్వలు నమ్మరు" అంది.

నాకు అప్పుడు తొమ్మిదేళ్లు. ఆ మాట అర్థం కాలేదు. ఇప్పుడు చెప్పబోయేది ఆ మరుసటి ఎండాకాలంలో జరిగింది.

ఆ ఎండాకాలం మా నాయనమ్మ మంచాన ఉంది. తడికల స్నానాల గదిలో జారిపడి తుంటి విరిగి రెండు నెలలైంది. కళ్లలో పొరలు కమ్మి మనుషుల్ని మసక మసకగా తప్ప చూడలేకపోయేది. తిండి తగ్గింది, మాట తగ్గింది. తగ్గనిది ఒక్కటే. గుమ్మంలో ఎవరి అడుగు చప్పుడైనా తల కాస్త పైకెత్తి, "చెల్లె అచ్చిందా?" అని అడిగేది.

నాయనమ్మ చెల్లెలు కోరుట్లలో ఉండేది. నేను ఆమెను అంతవరకు చూడలేదు. మా ఇంట్లో ఆమెను కోరుట్ల నాయనమ్మ అనేవాళ్లు, అదీ గొంతు తగ్గించి. అక్కాచెల్లెళ్లిద్దరూ ముప్ఫై ఏళ్లుగా మాట్లాడుకోలేదు. కారణం మా అమ్మ నాకు చెప్పలేదు. మా బాపు, అంటే నాన్న, చెప్పాడు, ఆ రోజుల్లోనే, ఒక్కసారే.

మా బాపు పిల్లవాడిగా ఉన్నప్పుడు కోరుట్ల నాయనమ్మా ఆమె భర్తా పని వెతుక్కుంటూ మహారాష్ట్రలోని భీవండి పోయారట. నాలుగేళ్ల కూతుర్ని, కాస్త కుదురుకున్నాక వచ్చి తీసుకెళ్తామని అక్క దగ్గర వదిలిపెట్టారు. ఆ పిల్లకు జ్వరం వచ్చింది. తగ్గిపోతుందిలే, ఇప్పుడిప్పుడే పని దొరికిన వాళ్లను ఎందుకు కంగారు పెట్టాలని మా నాయనమ్మ తంతి, అదే టెలిగ్రాం, ఇవ్వలేదు. నాలుగో రోజు పిల్ల పోయింది. అప్పుడిచ్చిన తంతి చేరి, వాళ్లు రైళ్లూ బస్సులూ మారి వచ్చేసరికి మట్టి కప్పి రెండు రోజులు దాటిపోయింది. ఆ తల్లి వాకిట్లో నిలబడి, "ముఖమన్న సూడనియ్యకపోతివి" అని ఒక్క మాట అని వెనక్కి తిరిగిందట. మళ్లీ మా గడప తొక్కలేదు. తర్వాత కొన్నేళ్లకు భర్త పోతే కోరుట్లకు తిరిగొచ్చి బీడీలు చుట్టుకుంటూ ఒక్కతే బతికింది.

నాయనమ్మ మంచాన పడ్డాక మా బాపు రెండుసార్లు కోరుట్ల పోయాడు. రెండుసార్లూ ఆమె ఆయనకు అన్నం పెట్టి, ఏమీ అనకుండా బస్సెక్కించింది. రెండోసారి వచ్చాక ఆయన గదిలోకి పోకుండా వాకిట్లోనే చాలాసేపు కూర్చున్నాడు. లోపల్నుంచి నాయనమ్మ అడుగుతూనే ఉంది.

మా అమ్మ ఆ మరునాడు వీధి దాటి ఎదురింటికి పోయింది. నేనూ వెనకే పోయాను. అత్త గింజలు చెరుగుతూ కూర్చుంది. అమ్మ చాటకు ఇవతల కూలబడి, ఒక్క పూట ఆ చెల్లెలి వేషం కట్టమని అడిగింది. కళ్లు కానని మనిషి, గొంతు మాత్రం గుర్తుపడుతుందేమో, అదీ ముప్ఫై ఏళ్ల కిందటి గొంతు అని చెప్పింది.

అత్త చాట పక్కన పెట్టింది. "సచ్చినోల్ల వేషం ఏసిన, దయ్యం వేషం ఏసిన. బతికున్న మనిషి వేషం ఆమెకు తెల్వకుంట ఎన్నడు ఎయ్యలే వదినె" అంది.

"ముసలామె పానం ఆ చెల్లె మీదనే ఉన్నది. పోతలేదు, ఉంటలేదు. నువ్వే చూస్తున్నవ్ గద" అంది అమ్మ. చివరికి అత్త లేచి మా ఇంటికి వచ్చి మా బాపు ముందు కూర్చుంది.

ఆమె అడిగిన ప్రశ్నలు నాకింకా గుర్తున్నాయి. మీ చిన్నమ్మ అక్కను ఏమని పిలిచేది, కూర్చునేటప్పుడు రెండు మోకాళ్లూ ముడుస్తుందా ఒకటే ముడుస్తుందా, మాట్లాడే ముందు ఏం చేస్తుంది, కోపమొస్తే గొంతు పెరుగుతుందా తగ్గుతుందా. చివరి ప్రశ్నకు మా బాపు వెంటనే, "తగ్గుతది" అన్నాడు. అన్నాక ఆయన కళ్లు నిండాయి. మాట్లాడే ముందు చిన్నగా గొంతు సవరించుకుంటుందని, అక్కా అన్న పిలుపులో చివరి అక్షరాన్ని కాస్త సాగదీస్తుందని చెప్పాడు. అత్త ఆ పిలుపును లోపల్లోపల పలుకుతూ కాసేపు కళ్లు మూసుకుంది. తర్వాత, మా అమ్మ కూడా బీడీలు చుట్టేది గనక, ఆమె బీడీల చాటలోంచి చిటికెడు తంబాకు పొడి తీసుకుని వేళ్లకూ అరచేతులకూ బాగా రుద్దుకుంది. ఎందుకని నేనడిగాను. బీడీలు చుట్టే మనిషి చేతి వాసన కళ్లు కాననివాళ్లకు ముఖం లాంటిదని చెప్పింది.

మధ్యాహ్నం కరెంటు పోయింది. వీధి పొడుగునా సాంచెలన్నీ ఒక్కసారిగా ఆగాయి. పొద్దంతా ఆ చప్పుడులో బతికే మాకు, అది ఆగితే చెవులు నొప్పెట్టినట్టుండేది. ఆ నిశ్శబ్దంలో అత్త వెనక గుమ్మం నుంచి లోపలికి వచ్చింది. వచ్చింది అత్తేనని నాకు తెలుసు. తెలిసినా ఒక్క క్షణం నేను అమ్మ కొంగు పట్టుకున్నాను. నడక వేరు, భుజాలు వేరు. మంచం పక్కన ఒక మోకాలు ముడిచి కూర్చుని, గొంతు సవరించుకుని, "అక్కా" అంది.

నాయనమ్మ చెయ్యి గాల్లోకి లేచింది. అత్త ఆ చేతిని అందుకుంది. నాయనమ్మ ఆ వేళ్లను ముక్కు దగ్గరికి తీసుకుని వాసన చూసింది. మేమంతా గుమ్మం దగ్గర నిలబడి చూస్తున్నాం.

"అచ్చినవా?"

"అచ్చిన."

"పిల్ల ముఖం నీకు సూపియ్యకపోతి. తంతి కొట్టకపోతి. నాదే తప్పు. నన్ను మాఫ్ చేసినవా చెల్లె?"

అత్త ముఖం మాకు కనిపిస్తోంది. ఈ ప్రశ్న వస్తుందని ఎవరూ ఆమెకు చెప్పలేదు. చెల్లెల్ని చూస్తే చాలు, ముసలామె కుదుటపడుతుందనే అందరూ అనుకున్నారు. నాటకాల్లో ఎవరైనా మాట మరిచిపోతే పక్కనుంచి అందించేవాళ్లుంటారు. ఇక్కడ ఎవరున్నారు? మా బాపు తల దించుకున్నాడు. నాయనమ్మ రెప్ప వేయకుండా, చూపు లేని ఆ కళ్లతో ఎదురుచూస్తోంది.

"ఎప్పుడో చేసిన అక్కా. నువ్వు మనసుల ఏం పెట్టుకోకు" అంది అత్త.

నాయనమ్మ గట్టిగా ఏడవలేదు. కళ్ల కొసల నుంచి నీళ్లు చెవుల్లోకి కారాయి. ఆ పూట గిన్నెడు జావ తాగింది. రెండు నెలల తర్వాత మొదటిసారి సాయంత్రం దాకా మూలుగు లేకుండా నిద్రపోయింది. మా అమ్మ పొయ్యి దగ్గర కూర్చుని దండం పెట్టుకుంది. నేను సంతోషంతో గంతులేసుకుంటూ ఎదురింటికి పోయాను. నేనూ పెద్దయ్యాక వేషాలు వేస్తానని చెబుదామనుకున్నాను.

అత్త వెనక వాకిట్లో నీళ్ల గోలెం దగ్గర చేతులు కడుక్కుంటోంది. సున్నిపిండి పెట్టి రుద్దుతోంది, కడుగుతోంది, వాసన చూసుకుంటోంది, మళ్లీ రుద్దుతోంది. నన్ను చూసి కూడా పలకరించలేదు. నేను చెబుదామనుకున్న మాట చెప్పకుండానే తిరిగొచ్చాను.

మరునాడు పొద్దున్నే ఆమె మా ఇంటికి వచ్చి, నన్ను తనతో కోరుట్ల పంపమని అమ్మను అడిగింది. అమ్మ బిత్తరపోయింది. ముసలామె హాయిగా ఉంది, ఇప్పుడు ఆ పుండును మళ్లీ కెలకడం ఎందుకంది.

"ఆమె పేరు మీద నేను మాఫ్ చేసిన. ఆమెకు తెల్వాలె గద. తెల్వకుంట ఉంచితే అది దొంగతనమైతది" అంది అత్త.

"పిల్లెందుకు మరి?"

"నేను నాటకాలదాన్ని వదినె. నేను ఏడ్సినా గది వేషమే అనుకుంటది. పిల్ల ఉంటే నమ్ముతది."

వేములవాడలో బస్సు మారి మేం కోరుట్ల చేరేసరికి ఎండ ముదిరింది. బస్సులో ఎవరో ఆడమనిషి, మిమ్మల్ని ఎక్కడో చూసినట్టుందని అడిగితే, నన్ను కాదమ్మా అని ముఖం కిటికీ వైపు తిప్పుకుంది. అంతకు ముందు అలాంటి ప్రశ్న ఎవరైనా అడిగితే ఆ రోజంతా ఆమె నవ్వుతూ ఉండేది.

కోరుట్ల నాయనమ్మ ఇంటి ముందు అరుగు మీద ఒక మోకాలు ముడుచుకుని కూర్చుని బీడీలు చుడుతోంది. నేను నిన్న మా ఇంట్లో చూసిన మనిషే అక్కడ కూర్చున్నట్టుంది. కాకపోతే ఈమె చాలా సన్నగా ఉంది. మేమెవరమో చెబితే చేతులు ఆపకుండానే కూర్చోమంది. అత్త అరుగు మీద కూర్చోలేదు. కింద నేల మీద కూర్చుని జరిగిందంతా చెప్పింది. తంబాకు రుద్దుకున్న సంగతి కూడా దాచలేదు. ఎక్కడా గొంతు వణికించలేదు. సినిమాల్లో ఒక్క మాట కోసం గుండెలు బాదుకునే మనిషి, ఆ మధ్యాహ్నం అంగడిలో సరుకుల చీటీ చదివినట్టు చెప్పింది. నాకది వింతగా అనిపించింది. ఎంత కష్టపడి అలా చెప్పిందో పెద్దయ్యాక గాని తెలియలేదు.

కోరుట్ల నాయనమ్మ చేతులు ఎక్కడ ఆగాయో నేను గమనించలేదు. చూసేసరికి ఆమె ఒళ్లో ఆకు సగం చుట్టి ఉంది. ఆమె నా వైపు చూసి, "నిజమేనా బిడ్డా?" అంది. నేను నిజమేనన్నాను.

"నేను చెయ్యలే మాఫ్" అంది ఆమె అత్తతో. గొంతు తగ్గింది. "ముప్ఫై ఏండ్లసంది పొద్దున లేస్తే చేద్దామా అనుకుంట, పొద్దుగూకితే చెయ్య అనుకుంట. నువ్వు ఒక్క గడియల చేసినవ్."

"తప్పయింది. గందుకే చెప్పిపోదామని అచ్చిన."

"చెప్పినవ్ గద."

అంతే. ఆమె లేచి లోపలికి పోయి అన్నం వండింది. తినకుండా పోవద్దంది. నేను తింటున్నంతసేపూ నా ఎదురుగా కూర్చుని చూసింది. ఏం చదువుతున్నావని అడిగింది. పచ్చిపులుసు ఇంకొంచెం పోసింది. నా వయసు లెక్క వేసుకుంటోందేమోనని ఇప్పుడనిపిస్తుంది. ఆ కూతురు బతికి ఉంటే ఈమెకు నా అంత మనవరాలు ఉండేది. అత్త కంచం ముందు కూర్చుంది గాని రెండు ముద్దలకు మించి తినలేకపోయింది.

మేం తిరిగొచ్చిన మరునాడు నాయనమ్మకు ఆయాసం ఎక్కువైంది. డాక్టరు వచ్చి చూసి మా బాపును బయటికి పిలిచి మాట్లాడి పోయాడు. ఆ మధ్యాహ్నం మూడు దాటాక, వాకిట్లో గుడ్డ సంచి పట్టుకుని కోరుట్ల నాయనమ్మ నిలబడి ఉంది.

మా బాపు ఎదురెళ్లి సంచి అందుకోబోతే ఇవ్వలేదు. నేరుగా గదిలోకి పోయి, సంచి కింద పెట్టి, మంచం పక్కన కూర్చుంది. కబురు తెలిసి అత్త వచ్చి గుమ్మం బయటే నిలబడింది. కోరుట్ల నాయనమ్మ గొంతు సవరించుకుంది.

"అక్కా" అంది.

నాయనమ్మ ఆయాసంతోనే తల తిప్పింది. చాలాసేపు ఆ మసక ఆకారం వైపు చూసింది. "ఎవరు బిడ్డా నువ్వు?" అని అడిగింది.

"అక్కా, నేను..."

"మా చెల్లె మొన్ననే అచ్చి పోయింది. నువ్వెవరు?"

నా పక్కన అత్త గోడకు ఆనుకుంది. మా అమ్మ ముందుకు వెళ్లి, ఈమే నీ చెల్లెలు, మొన్న వచ్చింది ఎదురింటామె అని చెప్పబోయింది. నోరు తెరిచింది కూడా. కోరుట్ల నాయనమ్మ వెనక్కి తిరగకుండానే ఒక చెయ్యెత్తి ఆమెను ఆపింది. ఆ చెయ్యి అలా గాల్లో కాసేపు ఉంది. తర్వాత మెల్లగా ఒళ్లోకి దిగింది.

"నేను మీ చెల్లె ఇంటి పక్కదాన్ని" అంది. "మీకు మంచిగ లేదంటే మందలిచ్చి, మంచి చెడ్డ అడిగి పోదామని అచ్చిన."

"మా చెల్లె నన్ను మాఫ్ చేసింది, ఎర్కనా? చెయ్యి పట్టుకుని చెప్పింది."

"చెప్పింది నాకు."

నాయనమ్మ ఊపిరి తీసుకోవడానికి ఆగింది. మళ్లీ, "నా మనసు ఉంచుటానికి అన్నదేమొ. మీ దగ్గర పిల్ల ముచ్చట ఏమన్న తీస్తదా?" అని అడిగింది.

కోరుట్ల నాయనమ్మ జవాబు కోసం మేమంతా చూశాం. ఆమె భుజాలు కదల్లేదు.

"తీస్తది. దినాం తీస్తది" అంది.

నాయనమ్మ కళ్లు మూసుకుంది. "తియ్యాలె" అంది. "తల్లి గద."

అంతకు మించి వాళ్లు మాట్లాడుకోలేదు. కోరుట్ల నాయనమ్మ పొద్దుగూకే దాకా ఆమె కాళ్లు పట్టింది. మరునాడు పొద్దున నాయనమ్మ పోయింది. కోరుట్ల నాయనమ్మ దహనం దాకా ఉంది, స్నానం చేయించేటప్పుడు అక్క ముఖానికి పసుపు తనే రాసింది. తర్వాత గుడ్డ సంచి తీసుకుని బయల్దేరింది. అత్త ఆమె వెనకే వీధి మలుపు దాకా పోయింది. నేను అత్త కొంగు పట్టుకుని ఉన్నాను. అత్త ఆమె కాళ్ల మీద పడబోతే, కోరుట్ల నాయనమ్మ రెండు భుజాలూ పట్టి లేపింది.

"నువ్వు మంచికే చేసినవ్" అంది. "కాని నా వంతు నువ్వు తీసుకున్నవ్."

ఆ రోజు ఆమె అక్కకు ఏం చెప్పడానికి వచ్చిందో మాకు తెలియదు. క్షమించానని చెప్పడానికి వచ్చిందా, క్షమించలేనని చెప్పి ఇద్దరూ కలిసి ఒక్కసారి ఏడవడానికి వచ్చిందా? ఆమె బతికున్నన్నాళ్లూ మా బాపు అది అడగడానికి కోరుట్ల పోవాలనుకునేవాడు. పోలేదు. పోయినా ఆమె చెప్పేది కాదేమో. రెండేళ్లకు ఆమె కూడా పోయింది.

అత్త వేషాలు మానలేదు. అది ఆమె బతుకు. నేను పెద్దయ్యేసరికి సినిమాల కంటే సీరియళ్లు ఎక్కువయ్యాయి, ఆమె తల్లుల నుంచి బామ్మల్లోకి జరిగింది. అప్పుడు మాత్రం తెర మీద ఆమె పేరు కూడా వేసేవాళ్లు. ఒక సీరియల్లో, కొడుకును చంపినవాణ్ని క్షమించే ముసలమ్మగా వేసింది. ఊరూరా ఆ ఒక్క ఘట్టం గురించి మాట్లాడుకున్నారు. సన్మానం చేస్తామని జగిత్యాల నుంచి కొందరు వచ్చారు. ఆమె ఆరోగ్యం బాగా లేదని చెప్పి పంపించేసింది.

ఆ తర్వాత కొన్నాళ్లకు కంటి ఆపరేషన్ కోసం జగిత్యాల వచ్చి, అప్పటికి అక్కడే కాపురముంటున్న మా ఇంట్లో పది రోజులుంది. కట్టు కట్టిన కంటితో కూర్చుని ఒక సాయంత్రం ఆ ఘట్టం సంగతి తనే ఎత్తింది. డైరెక్టరు క్షమించమనగానే తనకు ఇంకేమీ తోచలేదని, ఎత్తిన చెయ్యి ఒళ్లోకి దించిన ఆ మనిషే కళ్ల ముందు కనబడిందని చెప్పింది. "గా మొఖం నాది కాదు బిడ్డా. ఎన్ని వేషాలేసినా గంత మంచిగ ఎయ్యలే. అది గూడ ఆమె దగ్గర తీసుకున్నదే" అంది. నేను ఏదో ఓదార్పు మాట చెప్పబోయాను. చెప్పనివ్వలేదు. ఆమె పోయి కొన్నేళ్లైంది. ఇప్పుడా ఘట్టం ముక్క ఫోన్లలో తిరుగుతుంటుంది. మా కోడలు చూస్తుంటే నేను లేచి వేరే గదిలోకి పోతాను.

నేను వేషాలు వేయలేదు. నర్సునయ్యాను. జగిత్యాలలో ఒక ఆస్పత్రిలో ముప్ఫై ఏళ్లు చేసి దిగిపోయాను. ఆస్పత్రిలో పడుకున్న ముసలివాళ్లు ఏం అడుగుతారో బయటివాళ్లకు తెలియదు. నొప్పికి మందు అడిగేది తక్కువ. కొడుకు వచ్చాడా, తమ్ముడు వచ్చాడా, ఆమె వచ్చిందా అని అడిగేది ఎక్కువ. తోటి నర్సులు మంచి మనసుతోనే, ఇప్పుడే వచ్చి పోయిండు తాతా, నువ్వు నిద్రపోతున్నవని లేపలేదు అని చెప్పేవాళ్లు. ఆ తాతలు తృప్తిగా కళ్లు మూసుకోవడం నేను చూశాను. నేను మాత్రం ఎవరికీ అలా చెప్పలేదు. ఇంకా రాలేదు, వస్తే లోపలికి తీసుకొస్తా, అప్పటిదాకా నేనుంటా అని చెప్పి, పని చూసుకుని వచ్చి మంచం పక్కన కూర్చునేదాన్ని. నన్ను రాతి గుండెదన్నవాళ్లున్నారు. ఒకాయన రెండు రోజులు తలుపు వైపే చూస్తూ నా చేతిలో చెయ్యి ఉంచి పోయాడు. ఆయన పోయిన గంటకు తమ్ముడు వచ్చాడు. అన్న ఏమైనా అన్నాడా అని నన్నడిగాడు. నీ కోసం చూశాడని చెప్పాను. ఇంకేమీ కలపలేదు. నేను చేసింది సరైందో కాదో నాకిప్పటికీ తెలియదు. ఆ తమ్ముడు మాత్రం మంచం దగ్గరికి పోయి, మమ్మల్నందరినీ బయటికి పొమ్మని, తలుపు వేసుకుని అన్నతో చాలాసేపు మాట్లాడుకున్నాడు.